కెమెరా పట్టిన చేయి

సోవియట్ యూనియన్ భూమి మీద ఉన్న డెబ్బది ఏండ్లలో ఆ దేశంలో తయారై ప్రపంచఖ్యాతి గడించిన చలనచిత్రాలకు కొదవ లేదు. అయినా కాన్ చలనచిత్రోత్సవంలో ఫ్రెంచివారు పామ్ డోర్ అని పిలిచే బంగారు తాటాకు బహుమానాన్ని గెలిచిన సోవియట్ చిత్రం ఒక్కటే. 1957లో మాస్కోలో తయారై, మరుసటి సంవత్సరం ఆ గౌరవం పొందిన ‘కొంగలు ఎగురుతున్నవి’ అనే చిత్రమది. దాని దర్శకుడు మిఖయిల్ కలతొజోవ్ అని చరిత్ర గ్రంథాలు చెబుతాయి. ఆయన రష్యను దర్శకుడని వాటిలో కొన్ని చెబుతాయి. ఈ రెండవ మాట పొరపాటు. మొదటి మాట నిజమే గాని, చెప్పవలసినదానిలో అది సగమే. కలతొజోవ్ రష్యనుడు కాడు, జార్జియను. దర్శకుడు కావడానికి ముందు ఆయన ఛాయాగ్రాహకుడు. నడుమ కొంతకాలం సినిమాలు తీయించే అధికారి కూడ. ఈ మూడు వేషాలలో ఆయనకు సహజమైనది ఏదో తేల్చుకొన్నప్పుడే ఆ జీవితంలోని లాభనష్టాల లెక్క తేలుతుంది.

ఆయన పుట్టినది 1903 డిసెంబరు 28న, నేడు త్బిలిసి అని పిలుస్తున్న తిఫ్లిస్ నగరంలో. అసలు ఇంటిపేరు కలతొజిష్విలీ. జార్జియను భాషలో కలతొజి అంటే గోడ కట్టే తాపీమేస్త్రీ. ష్విలీ అంటే బిడ్డ. మాస్కో అలవాటుకు తగినట్టు ఆ పేరు తోక తెగి కలతొజోవ్ అయినది. పేరుకు జరిగిన దానివంటిదే దేశానికీ జరిగినది. జారు చక్రవర్తి పతనానంతరం 1918లో స్వతంత్రమైన జార్జియా మూడేండ్లు నిండక ముందే, 1921లో ఎర్రసేన వశమైనది. కొత్త ప్రభుత్వం సినిమాను గొప్ప ప్రచారసాధనంగా గుర్తించి తిఫ్లిస్‌లో స్టూడియోను నడిపించినది. అర్థశాస్త్రం కొంత చదివి, మోటారు నడిపి, యంత్రాలు బాగుచేసి, ఏ ఒక్క పనిలోనూ కాలు నిలువని యువకుడు ఆ స్టూడియోలో అడుగుపెట్టి అక్కడ దొరికిన పనులన్నీ చేశాడు. చిన్న వేషాలు వేశాడు, ఫిల్ము కోసి అతికించాడు, ప్రొజెక్టరు తిప్పాడు. చివరికి కెమెరా దగ్గర నిలిచాడు. నికొలోజ్ షెంగెలాయా, లెవ్ పుష్ అనే దర్శకులు 1927లో తీసిన ‘గియులి’ చిత్రానికి ఛాయాగ్రహణం ఆయనదే.

ఆనాటి ఛాయాగ్రాహకుని వృత్తి నేటివారి ఊహకు సులభంగా అందదు. మూకీ కాలపు కెమెరాకు పక్కన ఒక పిడి ఉండేది. దానిని చేతితో తిప్పాలి. ఒక చుట్టుకు ఎనిమిది బొమ్మలు. సెకనుకు రెండు చుట్లు. చేయి తొందరపడితే తెరమీది మనుషులు మందగమనంలో తేలిపోతారు. చేయి మందగిస్తే అకారణంగా పరుగులు తీస్తారు. సంగీత విద్వాంసునికి తాళం వలె ఆ పనివానికి లయ మణికట్టులో ఉండవలసినదే. మోటారు వచ్చిన తరువాత ఆ విద్య అక్కరలేకపోయినది. కాని దానిని ఒకసారి అభ్యసించినవాడు లోకాన్ని చూసే తీరు వేరు. అతనికి కథ ముందుగా మాటలలో తోచదు. వెలుగు ఎటు నుంచి పడుతున్నది, మనిషి ఎంత దూరాన ఉన్నాడు, తాను ఎక్కడ నిలబడాలి అన్న లెక్కలలో తోస్తుంది. కలతొజోవ్ చిత్రాలలో మంచివాటికీ చెడ్డవాటికీ మధ్య గీత గీయదలచినవారికి ఈ ఒక్క సంగతి చాలు. కథ కెమెరాకు లోబడినచోట ఆయన మహాశిల్పి. కెమెరా కథకు, అనగా పై నుంచి వచ్చిన ఆజ్ఞకు, లోబడినచోట ఆయన అనేకులలో ఒకడు.

1930లో వచ్చిన ‘స్వానేతికి ఉప్పు’ మొదటి తరగతిలోనిది. కాకసస్ పర్వతాలలో సముద్రమట్టానికి రెండువేల మీటర్లకు పైన ఉష్గులి అనే పల్లె ఉన్నది. ఇండ్ల నడుమ నిటారుగా నిలిచిన రాతి బురుజులు దాని గుర్తు. ఆ ఎగువ స్వానేతి ప్రాంతాన్ని 1996లో యునెస్కో ప్రపంచ వారసత్వ స్థలాలలో చేర్చినది. కలతొజోవ్ వెళ్ళిన నాటికి అక్కడికి బండ్ల బాట లేదు. ఏడాదిలో అధికభాగం మంచు కనుమలను మూసివేసేది. ఆ పల్లెలో ఉన్ని ఉన్నది, బార్లీ ఉన్నది, రాయి ఉన్నది, ఉప్పు లేదు. మనిషి ఉప్పు లేనిదే బ్రతకడు, పశువూ బ్రతకదు. గడ్డిలో దొరకని ఉప్పును పశువు ఎక్కడ దొరికితే అక్కడ నాకుతుంది. పనిచేసి వచ్చిన మనిషి చెమటను ఆవు నాకే దృశ్యం ఈ చిత్రంలో ఉన్నది. చూసినవాడు దానిని మరచిపోవడం కష్టం. ఉప్పు కోసం కనుమ దాటి వెళ్ళిన మగవారు మూటలతో తిరిగి వస్తుండగా మంచుచరియ విరిగి పడుతుంది. బిడ్డను పోగొట్టుకొన్న తల్లి తన చనుబాలను సమాధి మట్టిమీద పిండుతుంది. అదే 1930లో మన దేశంలో దండి తీరాన పిడికెడు ఉప్పు ఒక సామ్రాజ్యాన్ని కదిలించిన సంగతి తెలుగు పాఠకునికి జ్ఞాపకం రాక మానదు. మన ఉప్పుకు అడ్డు పన్ను. వారి ఉప్పుకు అడ్డు కొండ.

సెర్గేయ్ త్రెత్యకోవ్ అనే రష్యను రచయిత స్వానేతిని గురించి వ్రాసినది ఈ చిత్రానికి ఆధారం. బాట లేని పల్లెకు సోవియట్ ప్రభుత్వం బాట వేస్తున్నదని చెప్పడం దాని ప్రయోజనం. చివరి భాగంలో జనం కొండను పగలగొట్టి బాట వేయడం చూపించి ముగిస్తారు. అయితే చిత్రం మొత్తం గంట లోపుది; అందులో బాట ఆక్రమించినది కొద్దిపాటి భాగం. తక్కినదంతా బురుజులు, ఎండ, మంచు, గొర్రె ఉన్ని, ముడుతలు పడిన ముఖాలు. బురుజు కొనను చూపవలసి వస్తే కలతొజోవ్ కెమెరాను నేలమీద నిలిపి తల ఎత్తించడు. దానిని వాలుగా వంచి, బురుజు మనమీదికి ఒరుగుతున్నదనిపిస్తాడు. గుర్రం పరుగెడితే కెమెరా ఆయాసపడుతుంది. సంస్కరించడానికి పంపిన మనిషి, సంస్కరించవలసిన దానిని చూసి ముగ్ధుడైనాడు. ప్రభుత్వం కోరినది వెనుకబాటుతనంపై నేరారోపణ. ఆయన తెచ్చి ఇచ్చినది ఆ వెనుకబాటుతనపు ఘోరమూ సౌందర్యమూ కలిసిన చిత్తరువు. ఆనాటి విమర్శకులలో కొందరికి అది నచ్చకపోవడంలో ఆశ్చర్యం లేదు.

ఇక్కడ ఒక మాట దాచరాదు. ఈ చిత్రాన్ని వార్తాచిత్రాల కోవలో చేర్చి చూపిస్తారు గాని, అందులోని దృశ్యాలన్నీ జరుగుతుండగా పట్టినవి కావు. కొన్నింటిని కెమెరా కోసం జరిపించినారు. అంత్యక్రియల ఘట్టాలు అటువంటివి. ఒక జాతి ఆచారాలను, ఆ జాతివారు చెప్పిన రీతిలో గాక, రాజధాని నుంచి వచ్చినవాడు తనకు కావలసినంత భీకరంగా అమర్చి లోకానికి చూపడం సమంజసమేనా అన్న ప్రశ్న న్యాయమైనది. తొంభై ఏండ్లు గడచినా దానికి వయసు మళ్ళలేదు. కలతొజోవ్ కన్ను ఎంత గొప్పదైనా ఆ కన్నుకు సాక్ష్యం చెప్పే హక్కు ఎంతవరకు ఉన్నదన్నది వేరే సంగతి. ఆ చిత్రాన్ని కావ్యంగా చదవవచ్చు, మెచ్చుకోవచ్చు. స్వాన్ జాతి చరిత్రగా చదవడం మాత్రం క్షేమం కాదు.

మరుసటి సంవత్సరం తీసిన ‘బూటులో మేకు’ ఆయనకు చేటు తెచ్చినది. కథ చిన్నది. శత్రువులు చుట్టుముట్టిన కవచరైలు నుంచి ఒక సైనికుడిని సహాయం కోసం పంపుతారు. వాని బూటులో నాసిరకపు మేకు పైకి పొడుచుకొని వచ్చి కాలిని చీలుస్తుంది. వాడు సమయానికి చేరలేకపోతాడు, రైలు శత్రువుల పాలవుతుంది. విచారణ సభలో అందరూ వానిని దోషి అంటారు. వాడు తిరిగి, ఈ బూటు కుట్టినదెవరని సభలోని కార్మికులను అడుగుతాడు. ప్రతి పనివాడూ తన పని నాణ్యానికి బాధ్యుడన్నది ఇందులోని ఉపదేశం. అది ప్రభుత్వానికి ఇష్టమైన ఉపదేశమే. అయినా చిత్రాన్ని నిషేధించినారు. ఎర్రసైన్యాన్ని అంత అసహాయంగా చూపడం తప్పయినది. రూపం మీద మోజుతో సారాన్ని చెడగొట్టినాడన్న నింద దానికి తోడయినది. ‘రూపవాది’ అన్న మాట ఆ దేశంలో ఆనాడు సాహిత్య విమర్శలోని పారిభాషిక పదం కాదు. పోలీసు దస్తరంలోకి ఎక్కదగిన నేరం పేరు. బూటులోని మేకు కథ తీసినవాని కాలిలోనే దిగబడినది.

ఆ తరువాత ఎనిమిదేండ్లు ఆయన పేరుతో కథాచిత్రం రాలేదు. లెనిన్‌గ్రాడ్‌లో చదువు, తిఫ్లిస్ స్టూడియోలో పాలనా బాధ్యతలు, మళ్ళీ లెనిన్‌గ్రాడ్. ఇక్కడ సోవియట్ సినిమా పద్ధతిని గురించి రెండు మాటలు అవసరం. ఇతర దేశాలలో నిర్మాత అంటే డబ్బు పెట్టేవాడు. లాభం వస్తే మీసం దువ్వుతాడు, నష్టం వస్తే తల పట్టుకొంటాడు. సోవియట్ దేశంలో నిర్మాత ఒక్కడే; అది రాజ్యం. కథ అనుమతించేది రాజ్యం, ఫిల్ము ఇచ్చేది రాజ్యం, తీసినది చూసి ముద్ర వేసేది లేదా పెట్టెలో పెట్టి తాళం వేసేది రాజ్యం. ప్రేక్షకుడు టిక్కెట్టు కొనడం చివరి తంతు మాత్రమే. ఇటువంటి చోట నిషేధానికి గురి అయినవాని ముందు రెండు దారులు ఉండేవి. బయట నిలబడి క్షీణించడం ఒకటి; లోపలికి వెళ్ళి ఆ ముద్రలు వేసే బల్లల దగ్గర కూర్చోవడం రెండవది. కలతొజోవ్ రెండవ దారి పట్టారు.

మొదటి దారి ఎంత భయంకరమో ఆయన చుట్టూ ఉన్నవారి జీవితాలే చెబుతాయి. ‘స్వానేతికి ఉప్పు’కు ఆధారమిచ్చిన త్రెత్యకోవ్‌ను 1937లో కాల్చి చంపినారు. కలతొజోవ్ 1928లో ‘వారి రాజ్యం’ అనే చిత్రాన్ని నూత్సా గొగొబెరిద్జె అనే యువతితో కలిసి తీశారు. ఆమె జార్జియా దేశపు తొలి మహిళా దర్శకురాలు. ఆమె భర్త కమ్యూనిస్టు పార్టీ నాయకుడు. 1937లో ఆయననూ చంపినారు. ఆమె పదేండ్లు నిర్బంధ శిబిరాలలో గడిపి తిరిగి వచ్చినది గాని, సినిమాకు మాత్రం తిరిగి రాలేదు. కలిసి ఒక చిత్రం తీసిన ఇద్దరిలో ఒకరు మంచు శిబిరానికి, ఒకరు అధికార పీఠానికి వెళ్ళినారు. ఇందులో కలతొజోవ్ చేసిన ద్రోహం ఉన్నదని అనడానికి ఆధారం లేదు. అట్లా అనడం అన్యాయం. కాని ఆయన పొందిన రక్షణకు వెల ఎంతో అడగకుండా ఆయన కళను మాత్రమే పొగడడం కూడ న్యాయం కాదు.

ఆ వెల ఆయన తరువాతి చిత్రాలలో కనిపిస్తుంది. 1939లో ‘ధైర్యం’, 1941లో ప్రసిద్ధ విమానచోదకుని జీవితకథ ‘వలేరీ చ్కాలొవ్’. రెండూ ఆకాశవీరుల కథలు. రెండవదానిలో గాలిలో తీసిన ఘట్టాలు ఉన్నంతసేపు పాత కలతొజోవ్ రెక్కలు విప్పుతారు. నేలమీదికి దిగగానే ఉపన్యాసాలు మొదలవుతాయి. యుద్ధకాలంలో ముట్టడిలో ఉన్న లెనిన్‌గ్రాడ్‌ను గురించి సెర్గేయ్ గెరాసిమొవ్‌తో కలిసి ఒక చిత్రం తీశారు. తరువాత సోవియట్ సినిమా ప్రతినిధిగా ఆయనను అమెరికాకు, లాస్ ఏంజలిస్‌కు పంపినారు. మిత్రదేశం కావడం చేత అప్పుడు హాలివుడ్ తలుపులు తెరిచి ఉండేవి. తిరిగి వచ్చి చలనచిత్ర శాఖలో ఉపమంత్రి అయినారు. మిత్రత్వం శత్రుత్వంగా మారిన పిమ్మట, 1949లో ‘హాలివుడ్ ముఖం’ అనే పుస్తకం వ్రాశారు. అది ఏ ముఖాన్ని చిత్రించినదో కాలాన్ని బట్టి ఊహించవచ్చు.

ఆ శాఖ ఏర్పడిన 1946లోనే, సెప్టెంబరులో, పార్టీ కేంద్రసంఘం ఐజెన్‌స్టీన్ తీసిన ‘భీకర ఇవాన్’ రెండవ భాగాన్ని నిందిస్తూ తీర్మానం చేసినది. పుదొవ్కిన్ కూడ ఆ తీర్మానపు వాత తప్పించుకోలేదు. కొద్ది సంవత్సరాలలో సోవియట్ చిత్రాల సంఖ్య ఎంతగా పడిపోయినదంటే, 1951లో అంత పెద్ద దేశంలో తయారైన కథాచిత్రాలు పది లోపే. తీసినది కొద్దిగా ఉంటే తప్పులు కొద్దిగా ఉంటాయన్నది ఏలినవారి లెక్క. ఒకనాడు తన చిత్రం పెట్టెలో పడిన మనిషి, ఇతరుల చిత్రాలు పెట్టెలో పడుతున్న కాలంలో ఆ శాఖ ఉప్పు తిన్నారు. 1950లో ఆయన తీసిన ‘నాశనమయ్యేవారి కుట్ర’ ఆ ఉప్పు ఋణం తీర్చుకొన్న చిత్రమే. తూర్పు ఐరోపాలోని ఊరూ పేరూ లేని ఒక దేశంలో అమెరికా గూఢచారులు, మతాధికారులు, విద్రోహులు కలిసి పన్నే కుట్రను ప్రజలు భగ్నం చేస్తారు. దానికి స్టాలిన్ బహుమానం వచ్చినది. నేడు ఆ చిత్రాన్ని ఇష్టపడి చూసేవారు ఉన్నారని నమ్మడం కష్టం. స్వానేతి ఆవును జ్ఞాపకం ఉంచుకొన్న లోకం ఈ బహుమాన చిత్రంలోని ఒక్క ముఖాన్నైనా జ్ఞాపకం ఉంచుకోలేదు.

స్టాలిన్ 1953 మార్చిలో మరణించారు. ఇల్యా ఎరెన్‌బుర్గ్ నవల పేరును బట్టి ‘మంచు కరిగిన కాలం’ అని పిలిచే దశ మొదలైనది. 1954లో ‘నిజమైన మిత్రులు’ అనే హాస్యచిత్రంతో కలతొజోవ్‌కు ఊపిరాడినది. ఒక చెక్కతెప్ప మీద ముగ్గురు పెద్దమనుషులు నదీయాత్ర చేస్తారు. వారిలో ఒకడు అధికారగర్వంతో బిగుసుకుపోయినవాడు. ఆ పాత్రను ఎగతాళి చేయడంలో దర్శకునికి స్వానుభవం అక్కరకు వచ్చినదేమో! మరుసటి చిత్రంలో ఆయనకు సెర్గేయ్ ఉరుసేవ్స్కీ తోడు దొరికినాడు. అక్కడినుంచి కథ మారినది.

ఉరుసేవ్స్కీ 1908లో పుట్టినవాడు. చదివినది చిత్రలేఖనం, ముద్రణకళ. యుద్ధంలో సైన్యంతో పాటు కెమెరా పట్టుకొని తిరిగినాడు. గుండ్లు పడుతున్నచోట ముక్కాలిపీట నిలిపి, కొలతలు చూసి, దీపాలు సర్దుకొనే తీరిక ఉండదు. చేతిలో కెమెరాతో పరుగెత్తాలి. ఆ పరుగును అతడు స్టూడియోలోకి తెచ్చినాడు. పాతికేండ్లకు ముందు స్వానేతిలో కెమెరాను వాలుగా వంచిన మనిషికి అటువంటి సహచరుడే కావలసినది. తాను ఛాయాగ్రాహకుడై ఉండి మరొక ఛాయాగ్రాహకునికి అంత స్వేచ్ఛ ఇవ్వగలగడం సామాన్యమైన గుణం కాదు. వృత్తి తెలిసిన యజమాని పనివానిని నస పెట్టడమే లోకంలో వాడుక. కలతొజోవ్ ఆ వాడుకను తప్పించుకొన్నారు.

‘కొంగలు ఎగురుతున్నవి’ చిత్రానికి విక్తర్ రోజోవ్ నాటకం మూలం. బొరీస్ అనే యువకుడు 1941లో తనంత తానుగా యుద్ధానికి వెళతాడు. అతని కోసం ఎదురుచూడవలసిన వెరోనికా, బాంబుదాడిలో తల్లిదండ్రులను పోగొట్టుకొని, దిక్కుతోచని స్థితిలో అతని పినతండ్రి కొడుకును పెండ్లాడుతుంది. అంతకు ముందరి సోవియట్ యుద్ధచిత్రాలలోని వీరపత్ని కాదామె. తప్పు చేసినది, అయినా చిత్రం ఆమెను శిక్షించదు. ఆ మాటను నాటకంలోని సంభాషణలు చెప్పగలిగినదానికంటె కెమెరా ఎక్కువగా చెప్పినది. బొరీస్‌కు వీడ్కోలు చెప్పడానికి ఆమె బస్సులో వస్తుంది. కెమెరా బస్సులోపల ఆమె పక్కనే ఉంటుంది. ఆమె దిగితే తానూ దిగుతుంది; జనసమ్మర్దంలో ఆమె వెనుకనే తోసుకొంటూ పోతుంది. ఆమె దారికి అడ్డంగా టాంకుల వరుస వస్తుంది. ఆమె వాటి మధ్యకు దూకుతుండగా కెమెరా ఒక్కసారిగా ఆకాశానికి లేచి, ఇనుప యంత్రాల నడుమ చీమంత ఆడపిల్లను చూపుతుంది. ఇదంతా కత్తిరింపు లేని ఒకే షాట్. చేతిలో కెమెరాతో నడిచిన ఉరుసేవ్స్కీ, ఆగకుండా క్రేన్ ఎక్కి పైకి లేవడం వల్ల సాధ్యమైనది. యుద్ధం వ్యక్తిని ఏమి చేస్తుందో చెప్పడానికి అక్కడ ఒక్క మాట అవసరం కాలేదు.

బొరీస్ మరణఘట్టం అంతకు మించినది. తుపాకి గుండు తగిలి బురదనేలలో కూలుతున్న యువకుని కండ్లకు పైన ఉన్న బర్చిచెట్లు గిర్రున తిరుగుతాయి. అదే సుడిలో, చిత్రారంభంలో ప్రియురాలి వెంట అతడు పరుగున ఎక్కిన మెట్లు మళ్ళీ తిరుగుతాయి. జరగని పెండ్లి కనిపిస్తుంది. మెట్ల నడుమ ఖాళీలో కెమెరా తిరుగుతూ పైకి లేచే అమరికను ఇందుకోసం కట్టినారు. తాపీమేస్త్రీ బిడ్డకు ఆ మాత్రం కట్టడం తెలియకపోదు. సమోయిలొవా ముఖం, బతాలొవ్ చిరునవ్వు లేకపోతే ఈ యంత్రాలన్నీ గారడీగా మిగిలేవి. ఈ చిత్రంలో అవి గారడీ కాకపోవడానికి కారణం, ప్రతి కదలికకూ లోపల ఒక ప్రాణం కొట్టుకులాడుతుండడమే.

ఈ సమతూకం తరువాత చెదిరినది. సైబీరియా అడవిలో వజ్రాల కోసం వెళ్ళిన నలుగురి కథ ‘పంపని ఉత్తరం’లో మంటలే కథానాయకులు, మనుషులు వాటి ముందు నడిచే నీడలు. కొరివిచెట్ల మధ్య కెమెరా నడిచే తీరు చూస్తే ఒడలు జలదరిస్తుంది. అయితే ఆ నలుగురిలో ఎవరు చనిపోయినా కన్నీరు రాదు. 1964లో సోవియట్, క్యూబా దేశాలు కలిసి నిర్మించిన ‘నేను క్యూబా’ ఈ దారికి శిఖరం. కవి యెవ్‌తుషెంకో, క్యూబా రచయిత ఎన్రికే పినేదా బార్నెత్ కలిసి రచన చేశారు. హవానాలో ఒక హోటలు పైకప్పు మీద మొదలైన షాట్, అంతస్తులు దిగి, విలాసవతుల నడుమ నడిచి, చివరికి ఈతకొలను నీటిలో మునుగుతుంది. మరొకచోట చనిపోయిన విద్యార్థి శవయాత్ర సాగుతుండగా కెమెరా వీధి నుంచి మేడ గోడ వెంట పైకి లేచి, వీధి దాటి, చుట్టలు చుట్టే కర్మాగారంలోకి కిటికీ గుండా దూరి, పనివారి మధ్యగా వెళ్ళి, అవతలి కిటికీ నుంచి బయటపడి, జనప్రవాహం మీద గాలిలో తేలిపోతుంది. కంటికి కనిపించని పరారుణ కిరణాలను పట్టే ఫిల్ము వాడడం చేత చెరకుతోటలు, తాటిచెట్లు వెండిలా తెల్లగా, ఆకాశం నల్లగా కనిపిస్తాయి. నేటి దర్శకులు కంప్యూటరు సహాయంతో చేసేదానిని వారు తాళ్ళతో, కప్పీలతో, చేతినుంచి చేతికి కెమెరా అందించుకొంటూ చేసినారు.

ఇంత చేసినా ఆ చిత్రం ఇరుదేశాల వారికీ నచ్చలేదు. ‘నేను క్యూబాను కాను’ అని క్యూబాలో ఎగతాళి చేసినారని చెబుతారు. మాస్కోలో ఆదరణ లేదు. రూపం మీద మోజన్న నింద ముప్పయి మూడేండ్లకు మళ్ళీ తలుపు తట్టినది. ఈసారి ఆ నిందలో కొంత నిజం ఉన్నదని ఒప్పుకోక తప్పదు. క్యూబా పేదవానిని చూడడానికి వెళ్ళిన కెమెరా, అతనికంటె తన చూపునే ఎక్కువగా ప్రేమించినది. స్వానేతిలో పడిన పొరపాటే ఇది. అక్కడ ఆకలి అంత దగ్గరగా ఉండడం చేత మరుగున పడినది, ఇక్కడ బయటపడినది. అయినా, కలతొజోవ్ చేసిన ఇటువంటి పొరపాట్ల పక్కన ఆయన బహుమానం తెచ్చుకొన్న కుట్రకథను నిలిపి చూస్తే, ఏది భద్రపరచదగినదో చెప్పడానికి క్షణం ఆలోచించనక్కరలేదు.

దాదాపు మూడు దశాబ్దాలు మరుగున పడిన ఆ చిత్రాన్ని, సోవియట్ యూనియన్ అంతరించిన పిమ్మట, 1990 దశకంలో అమెరికావారు వెలికి తీసినారు. 1995లో అక్కడ విడుదల అయినప్పుడు మార్టిన్ స్కార్సేసీ, ఫ్రాన్సిస్ ఫర్డ్ కపోలా తమ పేర్లు దానికి అండగా పెట్టినారు. హాలివుడ్‌ను తెగనాడుతూ పుస్తకం వ్రాసిన మనిషికి హాలివుడ్ చేసిన మర్యాద ఇది. దానిని అందుకోవడానికి ఆయన లేరు. ధ్రువప్రాంతంలో 1928లో కూలిన ఇటాలియా విమాననౌక కథను ‘ఎర్ర డేరా’గా 1969లో ఇటలీవారితో కలిసి తీసిన తరువాత మరొక చిత్రం తీయకుండానే, 1973 మార్చి 26న మాస్కోలో కన్నుమూశారు. ఆ చివరి చిత్రానికి ఉరుసేవ్స్కీ పనిచేయలేదు. అతడు అప్పటికే విడిపోయి, చింగీజ్ ఐత్మాతొవ్ రచన ఆధారంగా గుర్రం కథను స్వయంగా దర్శకత్వం వహించి తీస్తున్నాడు. 1974లో అతడూ మరణించినాడు. కలతొజోవ్ కుమారుడు ఛాయాగ్రాహకుడే అయినాడు. తాత పేరే పెట్టుకొన్న మనుమడు మిఖెయిల్ దర్శకుడై, 2008లో ‘అడవి పొలం’ తీసి, మరుసటి ఏడు అకాలమరణం చెందినాడు. ఇంటిపేరు మాత్రం మళ్ళీ కలతొజిష్విలీ అని పూర్తిగా వ్రాసుకొన్నాడు.

ఇక నూత్సా గొగొబెరిద్జె సంగతి. కలతొజోవ్ స్వానేతిలో ఉన్న 1930లోనే ఆమె పొరుగున ఉన్న రాచా కొండలకు వెళ్ళి అక్కడి పల్లెజీవితాన్ని ‘బూబా’ అనే చిత్రంగా తీసినది. ఆమె అరెస్టు తరువాత ఆ చిత్రం కనుమరుగైనది. ఆమె 1966లో మరణించినది. రష్యా చిత్రనిక్షేపాలయంలో ‘బూబా’ మళ్ళీ దొరికినది ఈ శతాబ్దంలోనే. ఆమె కుమార్తె లానా కూడ పేరుపొందిన దర్శకురాలు; తల్లిని గురించి 2023లో ఒక చిత్రం తీసినది. ‘స్వానేతికి ఉప్పు’ను ప్రపంచమంతటా చిత్రసంఘాలు తొంభై ఏండ్లుగా చూపిస్తూనే ఉన్నవి. ఇకమీదట దానిని చూపే సంఘాలు అదే కార్యక్రమంలో ‘బూబా’ను కూడ చేర్చాలి. ఒకే సంవత్సరంలో, ఒకే కొండల వరుసలో, ఒకప్పుడు కలిసి పనిచేసిన ఇద్దరు తీసిన రెండు చిత్రాలవి. రెండూ కలిసినా నిడివి రెండు గంటలకు మించదు.